అడిగిన తరువాతే శిక్ష

ఊళ్లో పనిచేసే ఉద్యోగి సస్పెండయ్యాడన్న కబురు ఉత్తర్వు కాగితం కంటే ముందే రచ్చబండకు చేరుతుంది. చీకటి పడేలోగా తీర్పు కూడా అయిపోతుంది. "నిప్పు లేనిదే పొగ రాదు, తినే వుంటాడు" అని ఒకరంటారు. "పాపం, పైవాళ్ల తప్పు ఆయన నెత్తిన రుద్దారు" అని మరొకరంటారు. కొన్నాళ్లకు అదే మనిషి అదే కుర్చీలో తిరిగి కనబడితే "డబ్బు పెట్టి బయటపడ్డాడు" అన్న మాట పుడుతుంది. ఈ మూడింటిలో ఏది నిజమో ఊరికి చివరిదాకా తెలియదు. సస్పెన్షన్‌కూ శిక్షకూ మధ్య ఒక విచారణ జరగాలనీ, ఫిర్యాదు చేసిన రైతుకు, కూలికి కూడా అందులో పని వుంటుందనీ ఎరిగినవారు గ్రామాలలో తక్కువ.

బ్రాంచి పోస్టుమాస్టరు, పంచాయతీ కార్యదర్శి, గ్రామ రెవెన్యూ అధికారి, బడిపంతులు, కరెంటు లైన్‌మన్, బస్సు కండక్టరు. వీరిలో ఎవరి మీద ఆరోపణ వచ్చినా ఇటూ అటూ నష్టపోయేది గ్రామస్థులే. డబ్బు పోగొట్టుకున్న ముసలమ్మ ఊరి మనిషే. నింద పడినవాడి పెళ్లాం బిడ్డలు తిరగవలసిందీ ఆ వీధుల్లోనే. నిర్దోషి బలికాకూడదన్నా, దోషి కోర్టులో లొసుగు చూపించి తిరిగి రాకూడదన్నా మార్గం ఒకటే. అడగవలసినవి అడిగి, చూపవలసినవి చూపి, ఆ మీదట శిక్ష వేయటం.

సస్పెన్షన్ శిక్ష కాదు

సస్పెన్షన్ అంటే విచారణ ముగిసేదాకా ఉద్యోగిని పనికి దూరంగా వుంచటం. రికార్డులు దిద్దకుండా, సాక్షులను బెదిరించకుండా చేసే ఏర్పాటు మాత్రమే. నేరం రుజువైందని దానికి అర్థం కాదు. అరెస్టయి 48 గంటలు దాటి కస్టడీలో వున్న రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగి, నిబంధనల ప్రకారం సస్పెన్షన్‌లో వున్నట్టే లెక్క.

ఈ కాలంలో జీతం రాదు గాని జీవనభృతి వస్తుంది. మొదట అర్ధజీతపు సెలవులో వచ్చేపాటి మొత్తం, దానిపై కరువుభత్యం ఇస్తారు. వేరే ఉద్యోగం గాని వ్యాపారం గాని చేయటం లేదని ఉద్యోగి ధ్రువపత్రం ఇవ్వాలి. ఆలస్యానికి అతడు కారణం కానప్పుడు భృతి పెంచే వీలుంది. అతడే సాగదీస్తుంటే తగ్గించే వీలూ వుంది.

ఏళ్ల తరబడి సస్పెన్షన్‌లో వుంచి విచారణ మరచిపోవటం ఒకప్పుడు మామూలు. దీనిపై సుప్రీంకోర్టు 2015 ఫిబ్రవరిలో ఒక హద్దు గీసింది. మూడు నెలల లోపల అభియోగ పత్రం ఇవ్వకపోతే సస్పెన్షన్ సాగరాదని చెప్పింది. అభియోగ పత్రం ఇచ్చిన తరువాత పొడిగించాలంటే కారణాలు రాసి ఉత్తర్వు ఇవ్వాలని కూడా స్పష్టం చేసింది.

రాజ్యాంగంలో వున్న మాట

1950 జనవరి 26న అమలులోకి వచ్చిన రాజ్యాంగంలోని 311వ అధికరణం ప్రభుత్వ ఉద్యోగులకు రెండు రక్షణలు ఇచ్చింది. నియమించిన అధికారి కంటే తక్కువ హోదా గలవాడు ఉద్యోగిని డిస్మిస్ చేయటానికి గాని తొలగించటానికి గాని వీల్లేదు. ఆరోపణ లేమిటో తెలియజేసి, వాటికి జవాబు చెప్పుకునేందుకు తగిన అవకాశం ఇచ్చి, విచారణ జరిపిన తరువాతే డిస్మిస్, తొలగింపు, హోదా తగ్గింపు వంటి శిక్షలు వేయాలి. డిస్మిస్‌కూ తొలగింపుకూ తేడా వుంది. డిస్మిస్ అయినవాడు మామూలుగా మళ్లీ సర్కారు కొలువుకు పనికిరాడు. తొలగించబడినవాడికి ఆ అడ్డు లేదు.

తగిన అవకాశం అంటే ఏమిటో సుప్రీంకోర్టు తొలి సంవత్సరాలలోనే ఒక ఢిల్లీ ఉద్యోగి కేసులో విడమరచి చెప్పింది. తప్పు చేయలేదని చెప్పుకునే అవకాశం, తనకు వ్యతిరేకంగా చెప్పిన సాక్షులను అడ్డు ప్రశ్నలు వేసే అవకాశం, ప్రతిపాదించిన శిక్ష ఎందుకు తగదో చెప్పుకునే అవకాశం. ఇవి మూడూ వుండాలన్నది. మూడవదైన శిక్ష గురించిన రెండవ నోటీసును 1976 నాటి 42వ రాజ్యాంగ సవరణ తీసివేసింది. మొదటి రెండూ నేటికీ అలాగే వున్నాయి.

రాష్ట్ర ఉద్యోగుల విషయంలో ఈ పద్ధతిని వివరించే నిబంధనలు 1991 సంవత్సరపు పేరుతో వున్నాయి. క్లుప్తంగా సీసీఏ రూల్స్ అంటారు. ఇవి 1992 అక్టోబరు 1 నుంచి ఆంధ్రప్రదేశ్‌లో అమలులోకి వచ్చాయి. రాష్ట్ర విభజన తరువాత తెలంగాణ కూడా వాటినే కొనసాగించింది.

గ్రామ పోస్టాఫీసు దాకా

ఈ రక్షణ పెద్ద ఆఫీసర్లకే అనుకోవటం పొరపాటు. గ్రామంలో కొద్ది గంటలు పనిచేసే బ్రాంచి పోస్టుమాస్టరును ఒకప్పుడు ఎక్స్‌ట్రా డిపార్ట్‌మెంటల్ ఏజెంటు అనేవారు. ఇప్పుడు గ్రామీణ డాక్ సేవక్ అంటున్నారు. ఆయన ఏజెంటే గాని ఉద్యోగి కాడని తపాలా శాఖ వాదించింది. 1977 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఆ వాదన ఒప్పుకోలేదు. ఆయనది సివిల్ పోస్టే, 311వ అధికరణం ఆయనకూ వర్తిస్తుందని తీర్పు చెప్పింది. విచారణ లేకుండా ఇచ్చిన తొలగింపు ఉత్తర్వులు ఆ తీర్పుతో చెల్లకుండా పోయాయి.

అయినా కొంతకాలం ఒక అన్యాయం మిగిలింది. 1964 నాటి నిబంధనల ప్రకారం ఈ ఉద్యోగిని పనినుంచి పక్కన పెట్టినప్పుడు, అంటే పుటాఫ్ డ్యూటీ చేసినప్పుడు, ఒక్క పైసా భత్యం ఇచ్చేవారు కాదు. కోర్టుల దాకా వెళ్లిన మీదట ఆ నిబంధన మారి, నాలుగో వంతు భత్యం ఇచ్చే ఏర్పాటు వచ్చింది.

విచారణ వరస

ఒక ఉదాహరణ అనుకుందాం. ఒక కూలి తల్లి నెలనెలా 500 రూపాయలు పోస్టాఫీసులో కడుతున్నది. ఆమె పాసుబుక్కులో ముద్ర పడింది. ఆఫీసు జర్నలులో మాత్రం రెండు నెలల సొమ్ము జమ పడలేదు. తనిఖీకి వచ్చిన అధికారి దానిని పట్టుకున్నాడు. అప్పుడేం జరగాలి?

ముందుగా అభియోగ పత్రం ఇవ్వాలి. దానినే చార్జిమెమో అంటారు. "విధి నిర్వహణలో అలసత్వం చూపినారు" అని గాలివాటంగా రాస్తే చాలదు. ఏ తేదీన, ఏ ఖాతాలో, ఎంత సొమ్ము తీసుకుని జమ చేయలేదో రాయాలి. ఏ కాగితాలు, ఏ సాక్షుల ఆధారంగా ఆరోపణ చేస్తున్నారో జాబితా జత చేయాలి. జవాబు రాసుకోవటానికి గడువు ఇవ్వాలి.

తరువాత ఆ కాగితాలు ఉద్యోగికి చూపాలి. పాసుబుక్కు, జర్నలు, సాక్షి ఇదివరకు ఇచ్చిన వాంగ్మూలం చూడకుండా అతడు జవాబు ఎలా చెప్పగలడు? ఉత్తరప్రదేశ్‌లో ఒక పోలీసు అధికారికి సాక్షుల వాంగ్మూలాల ప్రతులు ఇవ్వకుండానే డిస్మిస్ చేస్తే, 1986లో సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వును కొట్టివేసింది.

జవాబులో ఆరోపణ ఒప్పుకోకపోతే విచారణాధికారిని నియమిస్తారు. ఆయన ముందు ఆ కూలి తల్లి వచ్చి "ఈయన చేతికే డబ్బిచ్చాను" అని చెప్పాలి. పోస్టుమాస్టరు ఆమెను ప్రశ్నించవచ్చు. గ్రామీణ డాక్ సేవకులు సెలవు పెట్టినప్పుడు తమ బదులు ఒక మనిషిని కూర్చోబెట్టటం కద్దు. ఆ రెండు రోజులూ కుర్చీలో వున్నది ఈయనా, ఆ బదులు మనిషా? పాసుబుక్కులో సంతకం ఎవరిది? ఈ రెండు ప్రశ్నలు అడిగితే గాని నిజం బయటపడదు. అడగకుండా ఉద్యోగం తీసేస్తే, డబ్బు తిన్న అసలు మనిషి ఆ ఊళ్లోనే హాయిగా తిరుగుతూ వుండవచ్చు.

ఉద్యోగి తన తరఫున సాక్షులను తెచ్చుకోవచ్చు. సాయంగా మరొక ఉద్యోగిని కూర్చోబెట్టుకోవచ్చు. వకీలును పెట్టుకోవటానికి మామూలుగా అనుమతి లేదు. అయితే శాఖ తరఫున వకీలు నిలబడితే ఉద్యోగికీ ఆ సౌకర్యం ఇవ్వాలి. నోటీసు అందుకుని కూడా ఉద్యోగి కావాలని రాకపోతే విచారణ ఆగదు. ఏకపక్షంగా జరుగుతుంది.

ఇదంతా పెద్ద శిక్షల విషయం. మందలింపు, ఇంక్రిమెంటు నిలుపుదల, పదోన్నతి ఆపటం, నష్టం మేరకు జీతంలో రాబట్టటం వంటి చిన్న శిక్షలకు ఇంత తంతు అక్కరలేదు. అయినా సంజాయిషీ అడగాలి. ఇచ్చిన సంజాయిషీని చదివి, ఎందుకు నమ్మలేదో ఉత్తర్వులో రాయాలి.

విన్నదొకరు, తీర్పు చెప్పిందొకరు

ఆరోపణ చేసినవాడే తీర్పరిగా కూర్చోరాదన్నది ఊరి పంచాయితీలో కూడా పాటించే నియమం. ఉత్తరప్రదేశ్‌లో ఒక హెడ్ కానిస్టేబుల్ మీద విచారణ జరిపిన జిల్లా పోలీసు సూపరింటెండెంటు, సాక్షి ఎదురు తిరిగాడని తానే మధ్యలో సాక్ష్యం చెప్పి, మళ్లీ తానే తీర్పు ఇచ్చాడు. 1957లో సుప్రీంకోర్టు ఈ పద్ధతిని తీవ్రంగా గర్హించింది. డిస్మిస్ ఉత్తర్వు రాజ్యాంగం రాకముందుది కావటం వల్ల ఆ హెడ్ కానిస్టేబుల్‌కు మాత్రం ఊరట దక్కలేదు. ఆయన పేరిట నిలిచిన సూత్రం తరువాతి వారికి పనికి వచ్చింది.

ఇదే సూత్రంలో రెండవ సగాన్ని నేర్పిన కేసు కృష్ణా జిల్లా బస్సులది. ఉద్యోగుల కేసు కాకపోయినా పాఠం ఒకటే. జిల్లాలోని ప్రైవేటు బస్సు రూట్లను ఆర్టీసీ తీసుకోదలచినప్పుడు, బస్సు యజమానుల అభ్యంతరాలను రవాణా వ్యవహారాలు చూసే కార్యదర్శి విన్నారు. ఉత్తర్వు మాత్రం ముఖ్యమంత్రి ఇచ్చారు. వినటం ఒకరి వంతు, నిర్ణయించటం మరొకరి వంతు అయితే ఆ వినటం ఉత్తుత్తిదే అవుతుందని 1958 నవంబరులో సుప్రీంకోర్టు చెప్పి, ఉత్తర్వును కొట్టివేసింది. తరువాత ముఖ్యమంత్రి నీలం సంజీవరెడ్డి స్వయంగా అభ్యంతరాలు విన్నారు. ఆయన పక్షపాతి అన్న వాదనను 1959లో అదే కోర్టు తోసిపుచ్చింది.

హైదరాబాదు నుంచి వెళ్లిన కేసు

శాఖాపరమైన విచారణలో వినేది విచారణాధికారి. శిక్ష వేసేది పై అధికారి. ఈ ఇద్దరి మధ్య నడిచేది విచారణ నివేదిక. ఆ నివేదికలో ఏం రాశారో ఉద్యోగికి చూపకుండా పై అధికారి శిక్ష వేస్తే, తనను ముంచిన కాగితం ఏమిటో కూడా ఆ ఉద్యోగికి తెలియదు. 42వ సవరణ తరువాత చాలా ఆఫీసులలో ఇదే జరిగింది. రెండవ నోటీసు అక్కరలేదు గనుక నివేదిక కూడా ఇవ్వనక్కరలేదని అధికారులు అనుకున్నారు.

1990 నవంబరు 20న సుప్రీంకోర్టు అది తప్పని తీర్పు చెప్పింది. దానిపై సందేహాలు వచ్చి అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ముందుకు వెళ్లిన కేసు హైదరాబాదులోని ఎలక్ట్రానిక్స్ కార్పొరేషన్ ఆఫ్ ఇండియా, అంటే ఈసీఐఎల్ కేసు. 1993 అక్టోబరు 1న తీర్పు వచ్చింది. శిక్ష నిర్ణయించే ముందే నివేదిక ప్రతి ఉద్యోగికి ఇచ్చి, దానిపై అతని మాట వినాలని ధర్మాసనం నిర్ణయించింది. ప్రభుత్వ ఉద్యోగి అయినా, కార్పొరేషన్ ఉద్యోగి అయినా, ప్రైవేటు సంస్థలో పనివాడైనా ఇదే నియమం అన్నది. నేడు ప్రతి ఆఫీసులో విచారణ నివేదిక ప్రతి జతచేసి పంపుతున్న నోటీసు ఈ తీర్పు పుణ్యమే.

అదే తీర్పులో మరో సగం వుంది. నివేదిక ఇవ్వలేదన్న ఒక్క కారణంతో ఉద్యోగిని గుడ్డిగా తిరిగి తీసుకోనక్కర లేదు. కోర్టులో ప్రతి ఇప్పించి, అది ముందే అందివుంటే ఏం తేడా వచ్చేదో చెప్పమని అడగాలి. తేడా ఏమీ లేదని తేలితే శిక్ష నిలుస్తుంది. అంటే విధానం పేరు చెప్పి దొంగ తప్పించుకోవటానికి ఆ తీర్పు చోటివ్వలేదు.

ఆలస్యం గురించిన తీర్పు కూడా హైదరాబాదుదే. నగర పాలక సంస్థలో ప్లానింగు అధికారిపై 1987 నాటి వ్యవహారానికి సంబంధించి ఏళ్లు గడిచినా విచారణ ముందుకు సాగలేదు. 1995లో మళ్లీ అభియోగాలు ఇచ్చారు. ఆలస్యానికి సరైన కారణం చూపలేకపోయారని 1998 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు ఆ అభియోగాలను రద్దు చేసింది. అక్కడ నిజంగా తప్పు జరిగిందా లేదా అన్నది ఎన్నటికీ తేలకుండా పోయింది. ఆలస్యం చేసిన ఫైలుకు ప్రజలు చెల్లించిన మూల్యం అది.

బస్సు చార్జీ లేని ఉద్యోగి

విచారణకు రమ్మని నోటీసు పంపి, వచ్చేందుకు చార్జీ డబ్బులు కూడా లేకుండా చేస్తే ఆ పిలుపునకు అర్థం లేదు. కోలారు బంగారు గనుల కేసు ఇందుకు సాక్ష్యం. ప్రభుత్వరంగ సంస్థ అయిన భారత్ గోల్డ్ మైన్స్‌లో ఒక భద్రతాధికారి ఇంటిపై 1985 జూన్ 2న పోలీసులు దాడి చేశారు. 4.5 గ్రాముల బంగారు ముద్ద, 1276 గ్రాముల బంగారు ఇసుక దొరికిందని కేసు పెట్టారు. మరునాడే ఆయన సస్పెండయ్యాడు.

సస్పెన్షన్ కాలంలో ఆయనకు జీవనభృతి ఇవ్వలేదు. ఆయన కేరళలోని సొంత ఊరికి వెళ్లిపోయాడు. చేతిలో డబ్బు లేదు, ఒంట్లో బాగాలేదు, విచారణకు రాలేనని మొరపెట్టుకున్నాడు. గనుల యాజమాన్యం ఏకపక్షంగా విచారణ ముగించి 1986 జూన్‌లో డిస్మిస్ చేసింది. 1987 ఫిబ్రవరిలో క్రిమినల్ కోర్టు, ఆ దాడి నిజమని రుజువు కాలేదంటూ ఆయనను నిర్దోషిగా వదిలింది. అయినా ఉద్యోగం తిరిగి రాలేదు.

1999 మార్చి 30న సుప్రీంకోర్టు ఆయనను తిరిగి తీసుకోమనీ, బకాయి జీతం చెల్లించమనీ ఆదేశించింది. భృతి ఇవ్వకుండా జరిపిన విచారణ చెల్లదన్నది. ఒకే దాడి, ఒకే సాక్షుల మీద ఆధారపడిన రెండు కేసుల్లో కోర్టు ఒక మాట, శాఖ మరో మాట చెప్పటం ఆ పరిస్థితుల్లో అన్యాయమన్నది. 1985లో పోయిన ఉద్యోగానికి 1999లో న్యాయం. ఆ తరువాత రెండేళ్లకు, 2001లో ఆ గనులే మూతబడ్డాయి.

అలాగని క్రిమినల్ కేసు కొట్టేస్తే శాఖాపరమైన శిక్ష దానంతటదే పోతుందని అనుకోరాదు. క్రిమినల్ కోర్టులో అనుమానానికి తావు లేకుండా రుజువు కావాలి. శాఖాపరమైన విచారణలో ఏది ఎక్కువ నమ్మదగినదో చూస్తే చాలు.

అందరికీ, అన్ని వేళలా కాదు

311వ అధికరణానికే మినహాయింపులున్నాయి. క్రిమినల్ కేసులో శిక్షపడిన ఉద్యోగిపై ఆ ప్రవర్తన ఆధారంగా విచారణ లేకుండానే చర్య తీసుకోవచ్చు. విచారణ జరపటం ఆచరణలో సాధ్యం కాదని అధికారి కారణాలు రాసి నిర్ణయించవచ్చు. దేశ భద్రత దృష్ట్యా విచారణ వద్దనుకోవచ్చు. ఈ మినహాయింపులు సరైనవేనని 1985 జూలై 11న సుప్రీంకోర్టు తుల్సీరామ్ పటేల్ కేసులో చెప్పింది. అయితే విచారణ తలనొప్పి అని గాని, కేసు బలహీనంగా వుందని గాని రెండవ మినహాయింపు వాడుకోవటానికి వీల్లేదని హెచ్చరించింది.

పదవినే రద్దు చేసినప్పుడు కూడా ఈ రక్షణ పనికిరాదు. 1984 జనవరిలో ఎన్.టి. రామారావు ప్రభుత్వం ఆర్డినెన్సుతో కరణం, మునసబు వంటి గ్రామాధికారుల పదవులను రద్దు చేసినప్పుడు తెలుగునాట ప్రతి ఊరికీ ఈ సంగతి అనుభవమైంది. ఎవరిపైనా ఆరోపణ లేదు, ఎవరినీ సంజాయిషీ అడగలేదు. పదవి రద్దు శిక్ష కాదు గనుక అడగనక్కరలేదని 1985లో సుప్రీంకోర్టు ఆ చట్టాన్ని సమర్థించింది.

ఇక కార్పొరేషన్లు, ప్రభుత్వరంగ కంపెనీల ఉద్యోగులకు 311వ అధికరణం నేరుగా వర్తించదు. వారికి ఆయా సంస్థల సొంత రెగ్యులేషన్లు, సహజ న్యాయసూత్రాలు అండ. ఒక నెల నోటీసు ఇచ్చి, కారణం చెప్పకుండా పర్మనెంటు ఉద్యోగిని పంపేసే నిబంధన ఢిల్లీ రవాణా సంస్థలో వుండేది. 1990 సెప్టెంబరులో సుప్రీంకోర్టు దానిని కొట్టివేసింది. ఆర్టీసీ కార్మికులు దశాబ్దాలపాటు ఇటువంటి సంస్థ రెగ్యులేషన్ల కింద వుండేవారు. ఆంధ్రప్రదేశ్‌లో 2020 జనవరి 1 నుంచి వారు ప్రభుత్వ శాఖలోకి వచ్చారు.

తప్పు చేసినవానికి కవచం కాదు

విచారణ పద్ధతుల వల్ల అవినీతిపరులు బతికిపోతున్నారన్న మాట తరచు వినబడుతుంది. కోర్టు తీర్పులు చూస్తే అది పూర్తి నిజం కాదు. హర్యానాలో ఒక బస్సు కండక్టరు చార్జీలు తీసుకుని టిక్కెట్లు ఇవ్వలేదని చెకింగ్ స్క్వాడ్ పట్టుకుంది. ప్రయాణీకులను విచారణకు పిలిపించలేదు గనుక ఉద్యోగం తీయరాదని అతడు వాదించాడు. బస్సు దిగి ఎవరి దారిన వారు పోయిన ప్రయాణీకులను వెదికి తేనక్కర లేదనీ, తనిఖీ చేసిన ఇన్‌స్పెక్టరు సాక్ష్యం చాలుననీ 1977లో సుప్రీంకోర్టు చెప్పింది. తొలగింపు నిలిచింది.

ఆంధ్రప్రదేశ్ పోలీసు సబ్‌ఇన్‌స్పెక్టర్ల కేసులు రెండింటిలో, 1963లోనూ 1975లోనూ, సుప్రీంకోర్టు ఒకే మాట చెప్పింది. శాఖ సక్రమంగా విచారణ జరిపి, కొంతైనా సాక్ష్యం మీద నిర్ణయానికి వస్తే, ఆ సాక్ష్యాన్ని మళ్లీ తూకం వేయటం హైకోర్టు పని కాదన్నది. పద్ధతి తప్పినప్పుడే కోర్టు చేయి పెడుతుంది. పద్ధతిగా పోయిన అధికారి ఉత్తర్వుకు అంతకంటే గట్టి రక్షణ లేదు.

ఫిర్యాదు చేసినవారి వంతు

గ్రామాలలో కేసులు వీగిపోయే చోటు మరొకటి వుంది. ఆకాశరామన్న అర్జీ రాయటం మనవాళ్లకు అలవాటు. పేరూ ఊరూ లేని అర్జీలపై చర్య తీసుకోవద్దని కేంద్ర విజిలెన్స్ కమిషన్ 1999 జూన్‌లోనే ఉత్తర్వు ఇచ్చింది. పేరు పెట్టి రాసినవారు కూడా విచారణ రోజున రారు. కూలి పోతుందనో, ఒకే ఊళ్లో మొహమాటమనో, పెద్దమనుషులు రాజీ కుదిర్చారనో ఆగిపోతారు. తనిఖీ అధికారి ముందు వేలిముద్ర వేసి ఇచ్చిన వాంగ్మూలం వుందిగదా అనుకుంటారు.

ఆ కాగితం ఒక్కటే సరిపోదు. జాతీయ బ్యాంకులో ఒక ప్యూనును, డ్రాఫ్టుల పుస్తకం పోయిన కేసులో, పోలీసుల ముందు ఒప్పుకున్నాడన్న కాగితం ఆధారంగా తొలగించారు. ఆ కాగితంలోని సంగతులను రుజువు చేయటానికి విచారణలో ఒక్క సాక్షినీ పిలవలేదు. కాగితం దాఖలు చేయటం వేరు, అందులోని మాట రుజువు చేయటం వేరని 2008 డిసెంబరులో సుప్రీంకోర్టు ఆ తొలగింపును కొట్టివేసింది.

కనుక పాసుబుక్కులో సొమ్ము పోయిన ఆ కూలి తల్లి విచారణకు వెళ్లాలి. పాసుబుక్కు, రశీదులు భద్రంగా దగ్గర వుంచుకోవాలి. ఎవరైనా అడిగితే జిరాక్సు ఇచ్చి, అసలు కాగితం అధికారికి అప్పగించేటప్పుడు రసీదు తీసుకోవాలి. ఏ తేదీన ఎవరి చేతికి ఇచ్చిందో తెలిసినంత మేరకే చెప్పాలి. తెలియనిది తెలియదనాలి. ఉద్యోగి వేసే ప్రశ్నలకు కోపగించుకోనక్కర లేదు. అడగటం అతని హక్కు.

నింద పడిన ఉద్యోగి కూడా చేయవలసినవి వున్నాయి. నోటీసు తీసుకోకుండా తప్పించుకోవటం వల్ల లాభం లేదు. చార్జిమెమో అందగానే కావలసిన కాగితాల జాబితా రాతపూర్వకంగా అడగాలి. విచారణకు తప్పక హాజరు కావాలి. భృతి రాకపోతే ఆ సంగతి అప్పుడే రాసి పంపాలి. శిక్ష పడితే పై అధికారికి అప్పీలు చేసుకునేందుకు రాష్ట్ర ఉద్యోగులకు ఉత్తర్వు అందిన నాటినుంచి మూడు నెలల గడువు వుంది. ఒకప్పుడు వీరి కేసులు చూసిన అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ రెండు రాష్ట్రాలలోనూ రద్దయింది. ఆ మీదట వెళ్లవలసింది హైకోర్టుకే.

మధ్యలో రచ్చబండ చేయవలసిన మేలు కూడా ఒకటుంది. సస్పెండయిన నాడే దొంగ అనకపోవటం, తిరిగి వచ్చిన నాడు లంచమిచ్చి వచ్చాడు అనకపోవటం. అభియోగం ఏమిటి, విచారణ ఎప్పుడు, సాక్షికి ఎవరు తోడు వెళుతున్నారు అని అడిగితే చాలు. తోడుగా ఒక మనిషి బస్సెక్కితే ఆ కూలి తల్లి ధైర్యంగా నోరు విప్పుతుంది. పోస్టుమాస్టరు ఎదురుగా కూర్చుని వింటాడు. కుర్చీలో కూర్చుని డబ్బు తీసుకున్నది ఎవరో ఆ గదిలో తేలుతుంది.